నార్మన్ గారి మరక

ఐరిస్ సగ్డెన్ ఏం పని చేసేదో ఆమె సొంత చెల్లెలికే చివరిదాకా అర్థం కాలేదు. "మా అక్క టీవీ వాళ్ళకి కుర్చీలూ బల్లలూ వేస్తుంది" అని పెళ్ళిళ్ళలో అందరికీ చెప్పుకునేది. వింటే నాకు ఒళ్ళు మండేది. కుర్చీలూ బల్లలూ వేసేది నేను. ముప్పై ఏళ్ళకు పైగా ఆ పని చేశాను, నా పేరు బెరిల్. ఐరిస్ చేసేది ఆ కుర్చీ వెనక గోడ, గోడ మీద కాగితం, కాగితం మీద చెమ్మ, ఆ చెమ్మ ఎందుకు పట్టిందో దాని వెనక కథ. దాన్ని కళా దర్శకత్వం అంటారు. టైటిల్స్‌లో ఆమె పేరు పడేది. ఒకసారి మాత్రం ఐరిస్ బదులు ఐవర్ అని మగ పేరు వేశారు. అడిగితే, "ఎవరూ చదవర్లెండి" అన్నారు.

మాది యార్క్‌షైర్‌లో కీత్లీ. ఐరిస్ వాళ్ళ నాన్న ఇళ్ళకు గోడ కాగితాలు అంటించేవాడు. పాతవి గీకి కొత్తవి వేసేవాడు. ఈమె ఆయన గీకి పారేసిన పాతవి ఏరి మంచం కింద దాచుకునేది. వాళ్ళమ్మ నెత్తీ నోరూ కొట్టుకుంది. బ్రాడ్‌ఫర్డ్‌లో బొమ్మలు వెయ్యడం నేర్పే కాలేజీలో చదివి లీడ్స్‌లో టెలివిజన్ వాళ్ళ దగ్గర చేరితే, అక్కడ అందరూ మగాళ్ళే. "ఆడపిల్లవి కదా, నువ్వు కర్టెన్లు చూడు" అన్నారు. చాలా ఏళ్ళు కర్టెన్లే చూసింది. చివరికి ఎవరికో జ్వరం వస్తే పోలీస్ స్టేషన్ సెట్ ఒకటి ఆమె చేతికి వచ్చింది.

ఆ సెట్లో లైటు స్విచ్చి చుట్టూ కొంచెం జిడ్డు పూసింది. రోజూ వందమంది నొక్కే స్విచ్చి చుట్టూ చేతి జిడ్డు ఉండదా మరి? పొద్దున్నే స్టూడియో ఊడ్చే ఆవిడ వచ్చి శుభ్రంగా తుడిచేసింది. ఐరిస్ మళ్ళీ పూసింది. ఆవిడ మళ్ళీ తుడిచింది. షూటింగ్ అయ్యేదాకా వాళ్ళిద్దరి మధ్యా అదే యుద్ధం. "ఇంత చదువుకుని మురికి పుయ్యడమేంటే తల్లీ, మీ అమ్మ చూస్తే ఏమంటుంది?" అందావిడ ఒకరోజు, బక్కెట్ కింద పెట్టి. "మా అమ్మా ఇదే అంటుంది" అంది ఐరిస్, పళ్ళు నూరుతూ.

నిజానికి ఆమె బతుకంతా అంతే. బాగా చేస్తే ఎవరికీ కనిపించదు. పాడైతేనే అందరికీ కనిపిస్తుంది. పాత విమానాల షెడ్డులో ప్లైవుడ్డుతో ఒక పబ్ మొత్తం కట్టింది, బీరు ఒలికి నల్లబడిన నేలతో సహా. అది టీవీలో వచ్చిన మర్నాడు పేపర్లో, "ఇంత చక్కటి పాత పబ్‌ను దర్శకుడు ఎక్కడ వెతికి పట్టుకున్నాడో" అని రాశారు. ఐరిస్ ఆ ముక్క నాకు ఫోన్లో చదివి వినిపించి, పేపర్ని పొయ్యిలో పెట్టింది. మధ్యలో ఒక కెమెరామన్‌ని పెళ్ళి చేసుకుంది, అది నిలవలేదు. ఎందుకే అని అడిగితే, "నా గోడల మీద మరీ వెలుగు కొడతాడే" అంది. అందులో హాస్యమెంతో నిజమెంతో నాకిప్పటికీ తెలియదు.

ఇంకో సంగతి చెప్పకపోతే ఈ కథ అర్థం కాదు. మా ఇంగ్లీషు వాళ్ళు ఉన్న మాట అనరు. చచ్చినా అనరు. దర్శకుడు సెట్ చూసి "ఆసక్తికరంగా ఉంది" అంటే పడగొట్టి మళ్ళీ కట్టమని. "ఫర్వాలేదు" అంటే బాగుందని. "చాలా చాలా బావుంది" అంటే కొంప మునిగిందని. ఈ భాష నేర్చుకోవడానికి ఐరిస్‌కి పదేళ్ళు పట్టింది, నేర్చుకున్నాక ఎవరి మాటా నమ్మలేదు.

ఆమె ఆఖరి పని, ఒక రిటైరైన బస్సు కండక్టర్ మీద టీవీ సినిమా. దర్శకుడు సెబాస్టియన్, లండన్ మనిషి. స్టూడియోలో సెట్ వేద్దామన్నాడు. ఐరిస్ ససేమిరా అంది.

"సెట్టుకి సీలింగ్ ఉండదు. పైన లైట్లు కట్టుకుంటారు. పెద్దాయన కుర్చీలో వెనక్కి వాలి పైకి చూస్తే ఏం కనిపిస్తుంది? లైట్లు కట్టే కుర్రాడి బూట్లా?"

"ఆసక్తికరంగా ఉంది" అన్నాడు సెబాస్టియన్.

అయినా వదల్లేదు. కీత్లీ కొండ మీద రాతి ఇళ్ళ వరసలన్నీ తిరిగింది, వానలో, నన్ను వెంటేసుకుని. నా మోకాళ్ళ నొప్పి ఆమెకి పట్టదు. ఒక ఇంట్లో ముందుగదిలోకి అడుగు పెట్టి, తల పైకెత్తి, అలా నిలబడిపోయింది.

ఆ ఇల్లు మిసెస్ ఎడ్నా హోల్రాయిడ్‌ది. ఆవిడ భర్త నార్మన్ ఉన్ని మిల్లులో పనిచేసి, రిటైరై, కిందటి చలికాలంలో పోయాడు. కిటికీ పక్కన ఆయన కుర్చీ. పెళ్ళయినప్పటినుంచీ ఆ కుర్చీలోనే కూర్చుని సిగరెట్లు కాల్చాడు. సరిగ్గా కుర్చీకి పైన, సీలింగ్ మీద గోధుమరంగు మరక. మధ్యలో చిక్కటి టీ రంగు, అంచులకు వచ్చేసరికి పాలలో పసుపు కలిపినట్టు పలచబడింది. సీలింగంతా ఆవిడ ఏటేటా సున్నం వేయించుకునేది. అక్కడ మాత్రం ఆయన పోయాక వేయించలేదు.

"ఒసే బెరిల్, చూడవే" అంది ఐరిస్ గుసగుసగా. "ఇది నేను చెయ్యలేను. పుట్టాక ఇంత మంచి పని నేను చెయ్యలేదు."

ఇల్లు తీసుకున్నాం. షూటింగ్ జరిగినన్ని రోజులూ మిసెస్ హోల్రాయిడ్ యూనిట్ మొత్తానికి టీ పెట్టింది. మాకు వంటవాళ్ళు వేరే ఉన్నారమ్మా అంటే వినలేదు. లైట్ల వాళ్ళకి అల్లం కేకు కోసి పెట్టింది. పేరు పేరునా పిలిచి తినమంది. ఇక సెబాస్టియన్ మాట చెప్పాలి. ఆయన కెమెరాని ఒక్కసారైనా పైకి తిప్పలేదు. అంతా కిటికీ వైపు తీశాడు, కుర్చీ కాళ్ళు తీశాడు, కండక్టర్ చేతులు తీశాడు. ఆఖరి రోజు ఐరిస్ వెళ్ళి అడిగింది, "సీలింగ్ ఎప్పుడు తీస్తున్నారు?"

"ఏ సీలింగ్?" అన్నాడు.

ఐరిస్ తిన్నగా వచ్చి నా బండిలో కూర్చుని పంది మాంసం కూరిన పోర్క్ పై ఒకటి మొత్తం తినేసింది, ఆమె మాంసం మానేసి చాలా ఏళ్ళయినా.

ఇళ్ళు అద్దెకు తీసుకున్నప్పుడు చివర్లో ఒక పని ఉంటుంది. మా వాళ్ళ మాటలో 'బాగుచేసి అప్పగించడం'. బాగుచెయ్యడమంటే మెరుగుపెట్టడం కాదు, ఎలా తీసుకున్నామో అలాగే తిరిగి ఇవ్వడం. మేకు కొట్టిన చోట పూడ్చాలి, విరిగిన పెంకు పెట్టాలి, అంతే. ఇది ఈ పనిలో ఉన్న ప్రతివాడికీ తెలుసు. ఇళ్ళ సంగతులు చూసే పియర్స్‌కీ తెలుసు. కాని పియర్స్ మంచివాడు. అదే వచ్చిన చిక్కు. ఆవిడ పెట్టిన టీలన్నిటికీ ఏదో ఒకటి చెయ్యాలని అతనికి అనిపించింది. రంగులవాళ్ళు ఎలాగూ ఉన్నారు, రంగు ఎలాగూ మిగిలింది. ఆవిడ అక్క ఇంటికి వెళ్ళిన పూట చూసి సీలింగ్ మొత్తానికి తెల్ల రంగు రెండు పూతలు వేయించాడు.

"అడిగావా ఆవిణ్ణి?" అంది ఐరిస్, ఫోన్లో. మేమప్పటికే లీడ్స్‌లో సామాన్లు వెనక్కిచ్చే పనిలో ఉన్నాం. నేను ఆమె పక్కనే ఉన్నాను, పియర్స్ గొంతు నాకూ వినిపిస్తోంది.

"ఎలా అడుగుతానండీ? మీ సీలింగ్ మురిగ్గా ఉంది, రంగెయ్యమంటారా అని అడుగుతామా ఎక్కడైనా?" అన్నాడు పియర్స్. "అయినా ఆవిడ ఎంత మురిసిపోయిందనుకున్నారు! లోపలికొచ్చి, పైకి చూసి, 'అయ్యయ్యో, ఇదంతా ఎందుకు చేశారు నాయనా' అంది."

ఐరిస్ మొహంలో రంగు పోయింది.

"ఎలా అంది?"

"ఎలా అనడమేంటి? ఎవరైనా ఏదైనా ఇస్తే అంటారుగా, ఎందుకండీ ఇవన్నీ అని. అలాగే."

"తర్వాతేమంది?"

"ఏమీ అనలేదు. చాలా చాలా బావుంది అంది. మేం వస్తుంటే తలుపు తీసి పట్టుకుంది."

"టీ ఇచ్చిందా?"

"ఇవ్వలేదండీ."

ఐరిస్ ఫోన్ పెట్టేసి అద్దెకు తెచ్చిన దీపపు స్తంభాల మధ్య నేల మీద కూలబడింది. "ఎందుకు చేశారని అడిగిందే. నిజంగానే అడిగింది. ఆ వెధవకి అర్థం కాలేదు" అంది. నాకు మాత్రం అప్పుడు ఐరిస్ మీదే విసుగొచ్చింది. ఎవరో ముసలావిడ సీలింగు. తెల్లగా ఉంది. ఆ మాటే అన్నాను. నా వైపు ఎలా చూసిందంటే, బండి తాళాలు వెతుక్కోవడం తప్ప నాకు ఇంకేం తోచలేదు.

కీత్లీలో ఆ ఇంటికి వెళ్ళేముందు కంపెనీని అడగాలి కదా. సెబాస్టియన్‌కి ఫోన్ చేసింది. ఆయన అంతా విని, "కానీ ఆ సీలింగ్ మన సినిమాలో లేదుగా" అన్నాడు. ఐరిస్ ఆయనకి చెప్పిన సమాధానం నేనిక్కడ రాయలేను. ఉన్న మాట అంది, అంతే. మా వాళ్ళలో ఎవరైనా అలా మాట్లాడగా నేను వినడం అదే మొదటిసారి.

మిసెస్ హోల్రాయిడ్ తలుపు తీసి మా ఇద్దర్నీ చూసి నవ్వింది. పెదాలతో నవ్వింది.

"ఏదైనా మర్చిపోయారా తల్లీ?"

"సీలింగ్ చూద్దామని వచ్చామండీ" అంది ఐరిస్.

"అబ్బో, ఎంత తెల్లగా వేశారో! మీ వాళ్ళు చాలా మంచివాళ్ళు. చాలా బావుంది."

"మీకు నచ్చిందా?"

"ఎందుకు నచ్చదమ్మా, అంత కష్టపడి వేస్తే."

ఐరిస్ ముందుగది తలుపు వైపు చూసింది. మూసి ఉంది. "ఇప్పుడు ఎక్కడ కూర్చుంటున్నారు మీరు?" అని అడిగింది.

"వంటింట్లో."

"టీవీ ముందుగదిలో ఉంది కదా."

"ఆ గదిలో చలి తల్లీ."

జులై నెల. నేను చొక్కా చేతులు మడుచుకుని ఉన్నాను. ఆవిడ నా చేతుల వైపు చూసి తల దించుకుంది. చాలాసేపు తలుపు గడియ పట్టుకుని ఏదో తుడుస్తున్నట్టు రుద్దింది.

"వాళ్ళు మంచి మనసుతో చేశారు. ఏమనగలను చెప్పు? నేనూ ఆయన్ని జీవితమంతా తిట్టాను దాని గురించి. ఎన్ని సున్నాలు వేయించినా మళ్ళీ వచ్చేది. ఇప్పుడిక రాదు" అంది. "ఆ గదిలోకి వెళ్తే ఎవరింటికో చూడ్డానికి వెళ్ళినట్టుంది. కోటు తీసి ఎక్కడ పెట్టాలో తెలీట్లేదు."

ఐరిస్ అప్పటికే సంచి విప్పుతోంది.

"నేను మళ్ళీ వేస్తాను. కాని ముందే చెప్తున్నా, నేను వేసేది దొంగ మరక. టీ డికాక్షను, లక్క కలిపిన స్పిరిట్టు, రంగు. ఆయనది కాదు. అది తిరిగి రాదు. దొంగది వద్దంటే ఇప్పుడే చెప్పండి, వెళ్ళిపోతాం."

మిసెస్ హోల్రాయిడ్ మొదటిసారి ఆమెను తిన్నగా చూసింది.

"టీవీలో చచ్చిపోయేవాళ్ళు నిజంగా చస్తున్నారా తల్లీ? నాకు తెలీదా అది? అయినా రోజూ ఏడుస్తూనే ఉన్నానుగా. నిచ్చెన కావాలంటే పెరట్లో ఉంది."

ఆ సీలింగ్‌ని ఐరిస్ ఫోటో తియ్యని కోణం లేదు. కెమెరా చూడకపోతేనేం, ఆమె చూసింది. నిచ్చెన ఎక్కి, మెడ వెనక్కి విరుచుకుని, స్పాంజితో పొర మీద పొర అద్దుకుంటూ వచ్చింది. ఒక పొర ఆరేదాకా ఇంకోటి వెయ్యకూడదు. నేను కింద నిచ్చెన పట్టుకుని, గోధుమ నీళ్ళు నెత్తిన కారుతుంటే, ఈ వయసులో నాకిదేం ఖర్మ అని తిట్టుకుంటూ నిలబడ్డాను. పెన్షన్ తీసుకునే ఆడవాళ్ళం ఇద్దరం, ఎవరూ అడగని పని, ఎవరూ తియ్యని సినిమా. మర్నాడు వచ్చి మళ్ళీ ఎక్కింది. ఆ మర్నాడూ ఎక్కింది. మెడ పట్టేసి తల ఒక పక్కకి వాల్చుకుని తిరుగుతోంది. "చాలు దిగవే, సరిపోయింది" అని ఎన్నిసార్లన్నా ఆ గోడకి చెప్పినట్టే. చివరికి దిగి, ఫోటోలన్నీ నేల మీద పరిచి, పైకీ కిందికీ చూసి, వంటింట్లోంచి ఆవిణ్ణి పిలిచింది.

మిసెస్ హోల్రాయిడ్ గుమ్మంలో ఆగింది. తర్వాత గది మధ్యకి వచ్చి తల పైకెత్తింది. ఐరిస్ చేతిలో స్పాంజి నలిగిపోతోంది. 'చాలా బావుంది' అని ఆవిడ అందంటే మూడు రోజులూ గంగపాలే. అది మా ఇద్దరికీ తెలుసు. నాకు తెలిసినంత కాలంలో ఐరిస్ చేసిన పనిని ఎవరూ అంతసేపు చూడగా నేను చూడలేదు.

"కాదు" అంది మిసెస్ హోల్రాయిడ్.

ఐరిస్ ఊపిరి వదిలింది. "ఏది కాదు?"

"కిటికీ వైపు రావాలి. ఇక్కడితో ఆగిపోయిందేంటి?"

"ఫోటోలో ఇక్కడికే ఉందండీ. చూడండి, ఇదిగో."

"ఫోటోలు నాకెందుకమ్మా? ఆఖరి ఏడాది ఊపిరాడక కుర్చీ కిటికీ దగ్గరికి లాక్కున్నాడు. అటువైపు పలచగా వచ్చింది. నీ ఫోటోలో పడలేదేమో, నాకు కనిపించేది. ఎక్కు."

ఐరిస్ ఎక్కింది. నేను మళ్ళీ నిచ్చెన పట్టుకున్నాను.

"ఇంకొంచెం ఇటు. ఇంకా. అబ్బ, అంత కాదు తల్లీ, అది మరీ నలుపు!"

"ఆరితే తగ్గుతుందండీ."

"తగ్గదు. చూస్తున్నాగా. తుడువు."

"తుడిస్తే కింద రంగు లేచిపోతుంది!"

"లేవనీ! నేను పొద్దస్తమానం దీని కింద కూర్చున్నదాన్ని, నాకు చెప్తావేంటి?"

ఇద్దరికీ గొంతులు లేచాయి. నాకు తల ప్రాణం తోకకొచ్చింది. కింద ఈవిడ చెయ్యి చూపించడం, పైన ఆమె పళ్ళు నూరడం, మధ్యలో నిచ్చెన ఊగడం. ఐరిస్ తడిగుడ్డతో తీసి, మళ్ళీ అద్ది, అరచేత్తో అంచు చెరిపింది. చేతి జిడ్డు కూడా అక్కడ కొంచెం అంటుకుంది. అలా చెరిపేసి చెయ్యి తీసింది.

మిసెస్ హోల్రాయిడ్ కుర్చీ వీపు మీద చెయ్యి వేసి నిలబడింది. అప్పటికే ఎర్రబడిన మొహం ఇంకా ఎర్రబడింది.

"ఎన్నిసార్లు చెప్పాను నీకు?" అంది.

ఐరిస్ పైనుంచి, "ఇందాకే కదండీ చెప్పింది, నేను వెంటనే..." అని మొదలుపెట్టి ఆగిపోయింది. ఆవిడ మాట్లాడుతున్నది ఐరిస్‌తో కాదు.

"కిటికీ తీసి కాల్చుకోమని ఎన్నిసార్లు చెప్పాను? నా కర్టెన్లు చూడు. నా సీలింగ్ చూడు. నీకేం, కాళ్ళు చాపుకుని కూర్చున్నావు, బతికినన్నాళ్ళూ నాకు ఒకటే పని పెట్టావు. పోయాకైనా నన్ను తిన్నగా ఉండనిచ్చావా? ఇద్దరు ఆడవాళ్ళని నిచ్చెనెక్కించావు, సిగ్గులేకపోతే సరి!"

ఐరిస్ చప్పుడు చెయ్యకుండా ఒక్కో మెట్టూ దిగింది. నేను నిచ్చెన వదిలేశాను. ఆవిడ ఆ కుర్చీ వీపుని ఒక్కటి చరిచి, అంతకాలం దిగమింగుకున్నదంతా పైకి చూస్తూ అనేస్తోంది. మేమిద్దరం ఇంకా ఆ గదిలోనే ఉన్నామన్న సంగతి మర్చిపోయింది.

"మళ్ళీ నవ్వుతావేంటి, నార్మన్?" అంది.